మూడో బటన్

ఇన్నేళ్ళుగా ఒక బరువు మోస్తున్నాను. బరువంటే ఏమిటో నాకు బాగానే తెలుసు, తూకం వేసే ఇంట్లో పుట్టినవాణ్ణి. బెల్లం దిమ్మెను చేత్తో లేపి ఎంత తూగుతుందో చెప్పేవాణ్ణి. ఇది ఎంత తూగుతుందో మాత్రం ఈనాటికీ తెలియదు. తెలుసుకోవాలని కూడా లేదు. దించితే చాలు. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు చెప్పను. అలా ఉండడమే ఇద్దరికీ మంచిది.

ముందే ఒక మాట. క్షమించమని అడగడానికి రాలేదు. అడిగానంటే నా నోరు ఊరుకోదు, కాస్త తగ్గించమంటుంది, మీరు పొమ్మంటే అంగడి దిగి నాలుగడుగులు వేసి మళ్ళీ వెనక్కి తిరుగుతుంది. కాబట్టి బేరం లేదు. నేను చేసింది ఇది: బాగుపడుతున్న ఒక మనిషి చేతిని, అది పాడైపోయిందని ఆ మనిషి చేతనే నమ్మించాను. ఒక ఆటలో గెలవడానికి. అదీ పాత టీవీ గేమ్. నవ్వొస్తే నవ్వండి. మొదట్లో నాకూ వచ్చేది.

మాది హోసూరు బజారులో సరుకుల అంగడి. గల్లా దగ్గర నాన్న. పొట్లాలు కట్టే చోట నేను. మీసాలు వచ్చినా, పెళ్ళి సంబంధాలు వచ్చినా, పొట్లాలే. మా ఇళ్ళల్లో మనిషి ఎంత ఎత్తున్నాడో కాదు, ఎక్కడ కూర్చున్నాడో చూస్తారు. గల్లా వెనక కూర్చున్నవాడు యజమాని. మిగిలినవాళ్ళు నిలబడేవాళ్ళు.

తొంభైలలో మా వీధిలో ఒకాయన టీవీ గేమ్ పెట్టెను గంట లెక్కన ఆడుకోనిచ్చేవాడు. క్యాసెట్టు పెట్టి, అది పలకకపోతే తీసి, నోటితో ఊది, మళ్ళీ పెట్టేవాళ్ళం. మాదప్ప నాకు అక్కడే పరిచయం. వాళ్ళది అంచెట్టి పక్క ఊరు, పశువుల మీద బతికే ఇల్లు. ఇతను మాత్రం హోసూరులో ఒక చిన్న ఫ్యాక్టరీలో ప్రెస్సు మిషన్ మీద పనికి కుదిరి, మత్తిగిరిలో గది తీసుకుని ఉండేవాడు. ఆ పెట్టె ముందు కూర్చున్నాడంటే జనం గుమిగూడేవారు. ఇద్దరు సిపాయిలు పక్కపక్కన పరిగెత్తుతూ, ఎగురుతూ కాల్చే ఆట ఒకటుండేది. అందులో మాదప్ప సిపాయి చావడం నేను చూడలేదు. నా సిపాయి చావకుండా ఉండడం కూడా చూడలేదు.

తర్వాత ఆ పెట్టెలు పాడయ్యాయి. బాగుచేసేవాళ్ళు లేరు, క్యాసెట్లు దొరకలేదు. రెండు వేల సంవత్సరం దాటిన కొత్తల్లో నేను బెంగళూరు నుంచి ఒక పాత కంప్యూటర్ తెచ్చాను. అంగడి లెక్కలకని నాన్నకు చెప్పాను. అంగడి మీది గదిలో పెట్టాను. ఎమ్యులేటర్ అని ఒకటి ఉందని అప్పుడే విన్నాను. అది వేస్తే కంప్యూటర్ తానే పాత టీవీ గేమ్ పెట్టెనన్నట్టు నటిస్తుంది. క్యాసెట్టులోని ఆట ఒక ఫైలుగా దొరుకుతుంది. ఆ ఫైలు తాను అసలు పెట్టెలోనే ఉన్నాననుకుని ఆడుతుంది. ఒకటి ఇంకొకటిగా చెలామణి కావడం! ఈ విద్య మా బజారుకు కొత్త కాదు. అందుకే నాకు తొందరగా అర్థమైంది.

బ్రౌజింగ్ సెంటరులో ఫ్లాపీలలోకి ఎక్కించుకుని వచ్చేవాణ్ణి. ఒకసారి బొమ్మ వచ్చి శబ్దం రాలేదు. ఒకసారి శబ్దం వచ్చి తెర నల్లగా ఉండిపోయింది. ఒకసారి ఫ్లాపీయే చదవలేదు. చివరికి ఒక ఆదివారం మధ్యాహ్నం, పాత పాటతో సహా ఆట లేచింది. మాదప్ప పక్కనే ఉన్నాడు. ఇద్దరం అరిచిన అరుపుకు కింద నాన్న చింతపండు తూకం ఆపి తల పైకెత్తాడట.

అప్పటికే మాదప్ప కుడిచెయ్యి ప్రెస్సులో నలిగి కొన్ని నెలలైంది. నడిమి వేలూ దాని పక్క వేలూ. ఎముకలు అతికాయి కానీ వేళ్ళు బిగుసుకున్నాయి. వాడుతూ ఉండు, వాడితేనే తిరిగి వస్తాయి అని డాక్టరు చెప్పాడు. చెయ్యి బాగుపడిన రోజు రా, నీ మిషన్ నీకుంటుంది అని ఫ్యాక్టరీవాళ్ళు చెప్పారు. కాబట్టి నాకు ఆటగా ఉన్నది అతనికి మందు. రోజూ వచ్చేవాడు. బాణం గుర్తుల బటన్ల మీద కుడిచెయ్యి పెట్టి, ఆ మొండి వేలితో ఎగిరే బటన్ నొక్కి నొక్కి, మొదట్లో ఏడుపు ముఖంతో, తర్వాత తిట్లతో, తర్వాత నవ్వుతో. నా కళ్ళముందే ఆ వేలు మెత్తబడింది. ఈ మాట గుర్తుపెట్టుకోండి. నేను చూశాను. నాకు తెలుసు.

మా ఆట చూడడానికి ఆ గదికి వచ్చిపోయేవాళ్ళను చూసి నాకే ఆలోచన వచ్చింది. కృష్ణగిరి బస్టాండు దగ్గర చిన్న గది పట్టి, నాలుగు కంప్యూటర్లు వేసి, పాత ఆటలు పెడితే? బస్సు కోసం కాచుకునేవాడు ఊరికే కూర్చోడు కదా. ఇద్దరం కలిసి చేద్దామనుకున్నాం. అంతా కుదిరింది. ఒక్కటే కుదరలేదు. గల్లా దగ్గర కూర్చునేదెవరు? బోర్డు మీద పేరెవరిది? ఆలోచన నాది, కంప్యూటర్ నాది అన్నాను. ఆట నాది, జనం వచ్చేది నన్ను చూసి అన్నాడు. రెండూ నిజమే. అదే చిక్కు.

ఆడి తేల్చుకుందామన్నది మాదప్పే. ఇద్దరు సిపాయిల ఆట. ఎవరి సిపాయికి ఉన్న ప్రాణాలన్నీ ముందు అయిపోతే వాడు రెండోవాడు. మాట ఖాయం చేయడానికి భుజం మీది తువాలు తీసి మా ఇద్దరి చేతుల మీద కప్పాడు. పశువుల సంతలో అలాగే చేస్తారు. బేరగాళ్ళు తువాలు కింద వేళ్ళు పట్టుకునే ధర చెప్పుకుంటారు, చూసేవాళ్ళకు తెలియకుండా. అలా చెయ్యి కలిపాక మాట తిరగకూడదు. ఎద్దు మరునాడే కుంటిదని తేలినా తిరగకూడదు. తువాలు కింద అతని వేళ్ళు నా చేతిని నొక్కాయి. అన్నీ నొక్కాయి. ఒకటి మాత్రం క్షణం ఆలస్యంగా నొక్కింది. అతని ముఖం చూశాను. తన వేలి మీద తనకే పూర్తి నమ్మకం లేదు.

ఎదుటివాడికి ఎక్కడ నమ్మకం లేదో అక్కడ పట్టుకోవడం నాకు ఎవరూ నేర్పనక్కర్లేదు.

ఇప్పుడు కీబోర్డు సంగతి చెప్పాలి. నాది చవకరకం. అలాంటి వాటిలో ఒక గుణం ఉంటుంది. ఒంటిగా నొక్కితే ప్రతి బటనూ పడుతుంది. రెండు కలిపినా పడతాయి. కానీ కొన్ని బటన్లను మూడు కలిపి నొక్కితే మూడోది పడదు. అన్నీ కాదు, కొన్ని జతలే. నేను ఒంటరిగా ఆడుతూ, నా సిపాయి ఎందుకు ఎగరడో తెలియక చచ్చి చచ్చి కనుక్కున్నాను. ఎడమ బాణం, స్పేస్ బార్ పట్టుకుని పై బాణం నొక్కితే, పై బాణం అందదు. వెంటనే కాల్చే బటన్ వేరే చోటికి మార్చేశాను. మాదప్ప రోజూ ఆడింది ఆ మార్చిన బటన్లతోనే. కారణం అతనికి చెప్పలేదు. అప్పటికి దాచాలని కాదు, అవసరం రాలేదు.

అవసరం వచ్చింది. ఇద్దరు ఒకే కీబోర్డు మీద ఆడాలంటే బటన్లు పంచుకోవాలి. పంచినవాడు ఆఖర్న తీసుకోవాలని మా ఇంట్లో పద్ధతి. నేనే పంచాను, నేనే ముందు తీసుకున్నాను. అక్షరాల వైపు నాకు, బాణాల వైపు అతనికి. అతనికి కాల్చడానికి మళ్ళీ ఆ స్పేస్ బారే, ఎగరడానికి పై బాణం. ఆ ఆటలో కాల్చే బటన్ వదలం, పట్టుకునే ఉంటాం. శత్రువు వెనక నుంచి వస్తే ఎడమకు తిరుగుతాం, చివర్న ఎగరబోతాం. అంటే అందకుండా పోయేది ఎగిరే బటనే. దాని మీద ఉండేది ఆ నడిమి వేలే.

ఇదంతా నేను ముందే ఆలోచించానా? అవును. పొరపాటున జరిగిందని చెప్పుకోవడానికి చాలాసార్లు ప్రయత్నించాను. నాకే నమ్మకం కుదరలేదు, మీకెలా కుదురుతుంది?

ఆడాం. కుడికి పరిగెత్తినంతసేపూ మాదప్ప రాజే. వెనక నుంచి రావడం మొదలైంది. ఎడమకు తిరిగాడు. అతని సిపాయి ఎగరలేదు, చచ్చాడు. మళ్ళీ లేచాడు, మళ్ళీ చచ్చాడు. ఆఖరిసారి తెర వైపు కాదు, తన వేలి వైపు చూస్తూ చచ్చాడు.

"ఒత్తినాను శెట్టీ," అన్నాడు. "గట్టిగానే ఒత్తినాను. అది ఎగర్లే."

నేను ఆటను మళ్ళీ మొదటికి తెచ్చాను.

"బటన్లో ఏమన్నా తప్పుందా? ఉంటే చెప్పప్పా. నేనేమీ అనుకోను."

"యాడుంది తప్పు? చూడు," అని, చెయ్యి చాపి పై బాణం ఒక్కటే నొక్కాను. సిపాయి చక్కగా ఎగిరాడు. మళ్ళీ నొక్కాను. మళ్ళీ ఎగిరాడు. "బటన్ బాగానే ఉంది మాదప్పా."

అతను ఆ వేలిని ఎడమ చేత్తో పట్టుకుని, మడిచి, చాచి చూసుకున్నాడు. "అయితే ఇదే పోయింది. నా మనసుకు తోచినట్టు వస్తావుందని అనుకుంటిని గానీ, రాలే."

"కొన్నాళ్ళు పోతే..." అన్నాను.

"ఊరుకో శెట్టీ. ఉత్త ఆటబొమ్మనే ఎగరేయలేనోణ్ణి, ఆ ప్రెస్సు కాడ నిలబడితే ఉన్న వేళ్ళు కూడా ఆడనే వదిలేసి వస్తాను." కొంచెం నవ్వాడు. "గల్లా నీదే పో. పొట్లాలు కట్టినోడికి ఒకపొద్దన్నా కూర్చునే రాత ఉండాల కదా."

ఖాళీ తక్కెడ ఎత్తి చూపించి, చూడండి ముల్లు సరిగ్గా నిలబడింది అని ఒట్టు వేసే వ్యాపారిని మీరు చూసే ఉంటారు. అతను అబద్ధం చెప్పడు. నేనూ చెప్పలేదు. బటన్ నిజంగా బాగానే ఉంది. నోటితో అబద్ధమాడి ఉంటే ఇంత కాలం నిలిచేది కాదేమో. చేత్తో నిజం చూపించి మోసం చేశాను. అది అరగదు.

నేను అనుకున్నది అతను నాకింద పని చేస్తాడని. అతను హోసూరే వదిలేశాడు. ఫ్యాక్టరీకి పోయి, నా చెయ్యి పనికిరాదు, మిషన్ ఇంకొకడికి ఇచ్చుకోండి అని చెప్పి, గది ఖాళీ చేసి అంచెట్టి బస్సెక్కాడు. నేను ఆపగలిగేవాణ్ణే. బస్సు దాకా పోయాను కూడా. "జాగ్రత్తప్పా" అని చెప్పి వచ్చాను.

ఆటల అంగడి పెట్టాను. నడిచింది. ఇక్కడ నన్ను తల దించుకోమంటే దించుకోను. మాదప్ప గల్లా దగ్గర కూర్చుని ఉంటే, ఓడి ముఖం వేలాడేసిన ప్రతివాడికీ ఇంకో ఆట ఊరికే ఇచ్చేవాడు. ఏడాది తిరక్కుండా బోర్డు దించేవాళ్ళం. నేను కూర్చున్నాను కాబట్టి ఆటలు మొబైల్ ఫోన్లలోకి దూరేదాకా కృష్ణగిరిలో నా పేరుతో ఒక బోర్డు ఉంది. గల్లా కోసం మోసం చేశాను. దానికి నాకు పశ్చాత్తాపం లేదు. మళ్ళీ ఆ రోజు వస్తే మళ్ళీ గల్లా నాకే కావాలి. మీకు మంచివాడు కావాలంటే ఇంకో అంగడి చూసుకోండి.

కానీ గల్లా ఒక సరుకు, చెయ్యి ఇంకో సరుకు. ఒకదాని ధరకు రెండూ ఎత్తుకొచ్చాను. ఆట అయ్యాక, బోర్డు నాదని ఖాయమయ్యాక, నిజం చెప్పడానికి నాకేం నష్టం? తువాలు కింద మాట అయిపోయింది, అతను గల్లా వెనక్కి అడిగే మనిషి కాదు. తిట్టేవాడు. నవ్వేవాడు. మరునాటి నుంచి మళ్ళీ ఆ వేలితో నొక్కేవాడు. ఎందుకు చెప్పలేదు? సిగ్గనుకుంటున్నారా? కాదు. చాలా ఏళ్ళు నాకే అర్థం కాలేదు. మొదటిసారి మాదప్ప కంటే నేను మెరుగైనవాణ్ణయ్యాను. ఆ రుచి వదలబుద్ధి కాలేదు. అంతే.

కొన్నేళ్ళ తర్వాత మత్తిగిరిలో ఎదురుపడ్డాడు. పశువుల ఫారానికి దూడల పనిమీద వచ్చాడట, భార్యతో. టీ గ్లాసు ఎడమ చేత్తో తీసుకున్నాడు. కుడిచెయ్యి ఒళ్ళో పెట్టుకున్నాడు, ఆ రెండు వేళ్ళూ వంకీలాగా బిగుసుకుపోయి ఉన్నాయి. వాడితేనే వస్తాయన్నాడు డాక్టరు. వాడలేదు. భార్యకు నన్ను చూపించి, ఇతనే మా శెట్టి, ఆ పొద్దు ఇతనితో ఆడి ఓడినందుకే నా చెయ్యి సంగతి నాకు తెలిసింది, లేకుంటే మళ్ళా ఆ మిషను కాడికే పోయి ఉంటి అన్నాడు. ఆవిడ, "నీకు పుణ్యముంటుందప్పా" అంది.

కొసరు దొరికితే వదిలే వంశం కాదు మాది. ఆ పుణ్యం కూడా తీసుకున్నాను. తల ఊపాను. టీ తాగాను.

ఒక్కోసారి అనిపిస్తుంది, అతనన్నది నిజమేనేమో, నిజంగానే రెండోసారి ప్రమాదం తప్పించానేమోనని. అది నేను చేసిన మేలు కాదు. నేను పారేసింది ఏరుకుని అతను చేసుకున్న మేలు. దాన్ని నా వైపు వేసుకోలేను. ఇప్పుడైనా అంచెట్టి పోయి చెప్పొచ్చు కదా అంటారు. చెబితే ఏమవుతుంది? ఆ వేళ్ళు ఇక లేవవు. ఓడింది తన చెయ్యి అనుకుని బతుకుతున్నవాడికి, ఓడింది తన నమ్మకమని తెలుస్తుంది. అది దయో పిరికితనమో నన్నడగకండి. నా సరుకు గురించి నేను చెప్పే మాట ఎవరు నమ్ముతారు?

అతనికి చెప్పలేదు. చెప్పను కూడా. నాన్నకు, నా భార్యకు చెప్పలేదు. మీకు చెబుతున్నాను, ఇదే మొదటిసారి: ఆ రోజు మాదప్ప వేలు సరిగ్గానే ఒత్తింది.