జర్మనాయన పేరు

మా చరిత్ర సార్ పోయారన్న కబురు మొన్న పొద్దున మా ఇంటర్ బ్యాచ్ వాట్సాప్ గ్రూపులో వచ్చింది. జడ్చర్ల బస్టాండులో మహబూబ్‌నగర్ బస్సు కోసం నిలబడి చదివాను. బస్సు వచ్చింది, ఎక్కలేదు.

శనివారం మధ్యాహ్నాలు సార్ క్లాసు కిటికీలకు దుప్పట్లు కట్టించి, తన లాప్‌టాప్‌లో పాత జర్మనీ మూగ సినిమాలు చూపించేవారు. హీరో కోసం కాదు. అందులో ఒక చిన్న నటుడంటే ఆయనకు ప్రాణం. ఆ నటుడు జీవితమంతా వేసినవి బండి తోలేవాడు, వడ్డించేవాడు, తలుపు తీసేవాడు. సినిమా మొదట వచ్చే పేర్లలో ఆయన పేరుండదు. సార్ చదువుకునే రోజుల్లో ఏదో పాత పుస్తకంలో చూసి ఆ పేరు పట్టుకున్నారట. ఆయన తెర మీదికి రాగానే సార్ పక్కన నిలబడి మాట అందించేవారు: "దొరా, ఇప్పుడే తింటవా, సల్లారినంక తింటవా?" మేం పడీ పడీ నవ్వేవాళ్లం.

సినిమాకు మాటలొచ్చాక ఆయనకు వేషాలు పోయాయి. "గాయనది పల్లె యాస. పట్నపోళ్లకు నచ్చలే. మన దిక్కు మనిషే అనుకోండ్రి," అనేవారు సార్.

మొదటి రోజు సార్ ఆ నటుడి పేరు బోర్డు మీద రాశారు. మాకు నోరు తిరగలేదు. "జర్మనాయన అందాం సార్," అని వెనక బెంచీలో ఎవరో అన్నారు. క్లాసంతా అదే అందుకుంది. సార్ కాసేపు బోర్డు వైపు చూసి, డస్టర్ తీసుకున్నారు.

సంతాప సభలో చదవడానికి సార్ గురించి రాసే పని గ్రూపువాళ్లు నాకు అప్పజెప్పారు. మంచి మాటలు ఏరి ఏరి రాస్తూ, నటుడి పేరు దగ్గర ఆగిపోయాను. అప్పటి క్లాసు దోస్తుకు ఫోన్ చేశాను.

"జర్మనాయన గదనే," అంది.

"అసలు పేరు."

"గదెవలికి యాదుంటది? క్లాసు ఫస్టువు, నీకే తెల్వదా?"

సిగ్గు చంపుకుని సార్ భార్యను అడిగాను. ఆమె చాలాసేపు గుర్తుచేసుకోవడానికి చూశారు. "ముందుగాల ఏదో పేరు చెప్తుండె బిడ్డా. మీరొచ్చినంక ఇంట్ల గూడ జర్మనాయననే. పిల్లలు పెట్టిన పేరు, గదే ఉండనీ అంటుండె."

అలంపూర్ గుళ్లకు తీసుకెళ్లినప్పుడు ఒక శాసనం ముందు సార్ అన్న మాట నాకు అక్షరం పోకుండా గుర్తుంది: "రాజు పేరు రాయి మోస్తది. రాయి మొయ్యని పేర్లు మీరు మొయ్యాలె." మాట దాచుకున్నాను. పేరు పారేసుకున్నాను. సినిమా తీసినవాళ్లు రాయని పేరును రాసి చూపిన ఒక్క మనిషి చేతే దాన్ని తుడిపించాం.

సభ రేపు. నా కాగితం మీద పేరు ఉండాల్సిన చోట ఖాళీ అలాగే ఉంది. సార్ ప్రతిసారీ తప్పక చూపించే దృశ్యం ఒకటుండేది. విందు ముగిసి దొరలంతా బయటికి పోతుంటారు. తలుపు పట్టుకున్న జర్మనాయన మొహం తెర అంచు అవతల ఉండిపోతుంది, చెయ్యి మాత్రం కనిపిస్తుంది. "గీడ జూడుండ్రి," అంటూ సార్ ఆ చేతి పక్కన వేలు పెట్టేవారు. అందరూ వెళ్లిపోయాక కూడా ఆ చెయ్యి తలుపును పట్టుకునే ఉండేది. సార్ వేలు అక్కడి నుంచి కదిలేది కాదు.