తెల్వనిపూవుకు పేరుబిళ్ళ

కొమురెల్లి కాకాకు అక్షరం ముక్క రాదు. అయినా మా వృక్షశాస్త్ర శాఖ తోటలో ఉన్న మూడు వందల చిల్లర మొక్కల లాటిన్ పేర్లు గుక్క తిప్పుకోకుండా చెప్పేవాడు. పాఠం చెప్పే సార్ల వెనక నీళ్ళ డబ్బాతో నిలబడి, పదకొండేళ్ళుగా చెవిన వేసుకున్న చదువు అది. పరీక్షలొస్తే మేం పుస్తకాలు మూసి ఆయన చుట్టూ చేరేవాళ్ళం. అంత తెలిసిన మాలి పదకొండేళ్ళూ దినకూలీగానే ఉన్నాడు. తార్నాకలోని రేకుల ఇంటి నుంచి తెల్లవారకముందే నడిచొచ్చి, మేం వచ్చేసరికి సగం తోట తడిపేసేవాడు.

1967లో నేను ఎమ్మెస్సీ రెండో ఏడు. విద్యానగర్ నుంచి సైకిల్ మీద వచ్చేదాన్ని. ప్రతిదానికీ ‘ఎందుకు’ అంటానని ఇంట్లో నాకు తిట్లు. కాకాకు మాత్రం ఆ ‘ఎందుకు’ అంటేనే ఇష్టం. మధ్యాహ్నం సద్ది మూట విప్పుతూ, ఎవరూ చూడని ఒక దేశం కతలు చెప్పేవాడు. నీలగుట్టల అవతల ఉంటుందట ఆ దేశం. అక్కడ వాన కింది నుంచి పైకి కురుస్తుందట.

“గాడ తెల్వనిపూవు అని ఒక మొక్క ఉన్నది బిడ్డా. దాని ముంగట నిలబడి నాకు తెల్సు అన్నవనుకో, ఆకులన్ని ముడుచుకుంటయి. తెల్వదు అని ఉన్నదున్నట్టు ఒప్పుకుంటే మొగ్గ విచ్చుకుంటది. ఆ వాసన పీలిస్తే కాళ్ళు వాటంతటవే జవాబు ఉన్న దిక్కుకు నడుస్తయి.”

“ఆకులు ఎదురెదురుగ ఉంటయా కాకా, ఒకటి విడిచి ఒకటా?”

“ఎదురెదురు. తమలపాకంత. కింది దిక్కు లక్క లెక్క ఎర్రగ.”

“రాజుల ఇండ్లల్ల గూడ పెంచుతరా?”

“ఒక రాజు కచేరిల నాటిచ్చిండు. ఏడేండ్లు పూయలె. అందరు తెల్సినోళ్ళే గదా గాడ!”

నేను అవన్నీ నోటుబుక్కులో రాసుకున్నాను. నవ్వుకుంటూనే రాశాను కానీ, అలాంటి మొక్క నిజంగా ఉంటే ఎంత బాగుండు అని ఆ వారమంతా అదే ధ్యాస.

సరిగ్గా అప్పుడే తోట మూలన ఒక ఖాళీ కుండీలో ఏదో మొలిచింది. ఆకులు ఎదురెదురు, అడుగున ఎరుపు. మట్టిలో కలిసి వచ్చిన విత్తనం కాబోలు, ఎవరూ నాటింది కాదు. ఊరికే ఉన్నా సరిపోయేది. నేను ఒక రేకుబిళ్ళ తీసుకుని తెల్లరంగుతో లాటిన్ పేరొకటి అల్లి, చివర దక్కన్‌కు చెందినదనే అర్థంలో డెక్కనెన్సిస్ అని తోక తగిలించి, కుండీలో గుచ్చాను. కాకాకు చూపించి నవ్విద్దామనుకుని మరిచిపోయాను. మా శాస్త్రం వాళ్ళ జబ్బు ఒకటుంది. మొక్కను చూసే ముందు బిళ్ళను చూస్తాం.

గురువారం బయటి ఊరి నుంచి ముగ్గురు పెద్దలు తోట చూడడానికి వచ్చారు. శనివారం మా శాఖ హెడ్ గారు పర్మనెంటు చేయాల్సిన మాలీల జాబితా మీద సంతకం పెట్టాలి. అందులో కాకా పేరు మొదటిది. ఈసారి తప్పితే వయసు దాటిపోతుందని, ఇక జన్మలో పర్మనెంటు కాదని మా అందరికీ తెలుసు. ఆయన ఆ రోజు ఇస్త్రీ చొక్కా వేసుకొచ్చాడు.

హెడ్ గారు ఆ కుండీ దగ్గర ఆగి, బిళ్ళ చదివి, “ఇది మన దక్కన్ రాళ్ళ మధ్య తప్ప ఇంకెక్కడా దొరకదు. అరుదైనది. చాలా కష్టపడి సేకరించాం” అన్నారు. వచ్చినవాళ్ళలో ముసలాయన కాకా వైపు తిరిగి, “ఎక్కడ దొరికిందయ్యా?” అని అడిగాడు.

ఏదో ఒక గుట్ట పేరు చెబితే సరిపోయేది. కాకా మొక్కను చూశాడు, హెడ్ గారిని చూశాడు.

“తెల్వదు సార్. మట్టిల వచ్చి మొల్చింది. పేరు గూడ తెల్వదు.”

పెద్దలు నవ్వారు. హెడ్ గారి మొహం కందగడ్డ అయింది. రెండడుగుల దూరంలో ఉన్న నేను నోరు మెదపలేదు. నా ప్రాక్టికల్స్ మార్కులు హెడ్ గారి చేతిలోనే ఉన్నాయి మరి. శనివారం జాబితాలో కాకా పేరు కొట్టేసి ఉంది. ఆ జాబితా సోమవారం పై ఆఫీసుకు వెళ్తుంది.

ఆదివారం తార్నాక వెళ్ళాను. కాకా భార్య సమ్మక్క చాయ్ ఇచ్చింది. బిళ్ళ నేనే పెట్టానని చెప్పాను. ఆయన తిడతాడనుకున్నాను. గ్లాసు కింద పెట్టి అడిగాడు.

“కత నాది. సత్తెమని బిళ్ళ కొట్టింది నువ్వు. కొడితే కొట్టినవ్, నేను గాడ నిలబడ్డప్పుడు ఎందుకు చెప్పలే?”

నా ‘ఎందుకు’లన్నీ ఒకెత్తు, ఆయన అడిగిన ఆ ఒక్కటీ ఒకెత్తు. సిగ్గుతో చచ్చిపోయాను.

సోమవారం పొద్దున్నే హెడ్ గారి గదిలోకి వెళ్ళి అంతా కక్కేశాను. ఆయన లేచి తోటలోకి నడిచారు. కాకాను పిలిచి, కుండీ ముందు గొంతుక్కూర్చుని భూతద్దం తీశారు.

“ఈ మట్టి యాడిది కొమురెల్లీ?”

“లాలాగూడ రైలు పట్టాల పక్కది సార్.”

“అయితే ఏ బండ్లో వచ్చిందో విత్తనం. పూత రానియ్యి, చూద్దాం.”

ఇద్దరూ గంటసేపు ఆకులు తిప్పి చూశారు. నన్నెవరూ పలకరించలేదు. ఆ సాయంత్రం జాబితా పైకి వెళ్ళేటప్పుడు కాకా పేరు మళ్ళీ మొదట ఉంది. నాకు శిక్షగా తోటలో బిళ్ళలన్నీ తిరగరాయమన్నారు. సంతోషంగా రాశాను.

పర్మనెంటు ఆర్డరు వచ్చిన రోజు కాకా అందరికీ పేడాలు పంచాడు. నాకూ ఒకటి పెట్టాడు. ఇక అంతా సర్దుకుందనుకున్నాను. మధ్యాహ్నం ఆయన సద్ది విప్పే వేళకు వెళ్ళి పక్కన కూర్చున్నాను.

“నీలగుట్టల దేశంల ఇంకేం చెట్లు ఉన్నయి కాకా?”

“పని ఉన్నది మేడం” అంటూ తినకుండానే మూట కట్టి లేచాడు.

నా చదువు ముగియడానికి మిగిలిన తొమ్మిది నెలలూ అడుగుతూనే ఉన్నాను. అడిగిన మొక్క పేరు చెప్పాడు, అడిగిన కొమ్మ కోసి ఇచ్చాడు. ఆ దేశం గురించి మాత్రం మళ్ళీ ఒక్క మాట చెప్పలేదు.