తెగులుకు మిగిలిన మొక్క

నా చిన్నప్పుడు జగదల్‌పూర్ దగ్గర ఒక సర్కారు తోటలో మా బాబాయి పచ్చని ఆలుగడ్డ మొక్కల మీద తన చేత్తోనే రోగం చల్లాడు. సాయంత్రం చలి దిగాక, ఎక్కడినుంచో కోసుకొచ్చిన మాడిన ఆకుల్ని బకెట్ నీళ్లలో నానబెట్టి, వడకట్టి, ఆ నీళ్లను మందుకొట్టే పంపులో పోసి ఒక్క వరస వదలకుండా కొట్టాడు. ఆ తడి ఆరిపోకుండా కర్రలు పాతి, వాటి మీద తడిపిన గోనెపట్టాలు కప్పాడు. నేను గట్టు మీద నిలబడి అంతా చూశాను. నాకేమీ అనిపించలేదు. ఆ రోజుల్లో నాకు ఏది చూసినా ఏమీ అనిపించేది కాదు.

మాది కోంటా, జగదల్‌పూర్‌కు చాలా దక్షిణాన, రాష్ట్రం సరిహద్దులో ఉన్న ఊరు. కిరాణా దుకాణం ఉండేది. ఆ ఏడాది వానల్లో నాకూ మా తమ్ముడికీ ఒకేసారి జ్వరం వచ్చింది. ఒకే మంచం మీద పడుకున్నాం, అవే మాత్రలు మింగాం. తగ్గకపోతే ఇద్దర్నీ ఒకే జీపులో సుక్మాకు బయల్దేరదీశారు. ఎర్రబోరు దాటాక, దోర్నపాల్ రాకముందే వాడు పోయాడు. నేను వాడి పక్కనే ఉన్నాను. సుక్మా ఆస్పత్రిలో నాకు తగ్గింది.

పలకరించడానికి వచ్చినవాళ్లందరూ నన్ను చూసి గట్టిపిండం అన్నారు. మా నానమ్మ అయితే రోజూ అనేది, "ఎంత గట్టిదానివే నువ్వు, అంత జ్వరాన్ని ఓర్చుకున్నవ్." మెచ్చుకోలుగానే అనేది. కానీ ఆ మాట విన్నప్పుడల్లా తమ్ముడికి రావలసిందేదో నేను తీసేసుకున్నట్టు ఉండేది. అమ్మ అన్నం పెట్టేది, జడ వేసేది, నా ముఖం వైపు మాత్రం చూసేది కాదు. నేను ఏడవలేదు. ఏడుపు రాలేదు. అన్నం రుచి కూడా తెలిసేది కాదు.

చలికాలం మొదట్లో బాబాయి వచ్చాడు. నన్ను కాసేపు చూసి, "పిల్లను కొన్నాళ్లు నా దగ్గర ఉంచుకుంట వదినా" అన్నాడు. అమ్మ తల ఊపింది. అలా ఆయన వెంట బస్సెక్కాను.

బాబాయి పని ఆలుగడ్డలో కొత్త రకం వెతకడం. రైతులు గడ్డను ముక్కలు కోసి నాటుతారు. అలా వచ్చిన మొక్కలన్నీ తల్లి మొక్కలాగే ఉంటాయి. తల్లికి తెగులు తగిలితే వాటికీ తగులుతుంది. కొత్తది కావాలంటే రెండు రకాల పూలను కలపాలి. ఆ పని ఎక్కడో ఉత్తరాన కొండల మీద చేసేవారు. పూలు కాయలవుతాయి, చిన్న పచ్చి టమాటాల్లా ఉంటాయి. వాటి గింజలు పొట్లాల్లో ఇక్కడికి వచ్చేవి. ఒక్క కాయలోని గింజలన్నీ తోబుట్టువులే, కానీ ఏ రెండూ ఒకలా ఉండవని బాబాయి చెప్పాడు. చెప్పి, నన్ను చూసి, మాట మార్చాడు.

ఆకుమాడు తెగులు మంచు రోజుల్లో వస్తుంది. చేనంతా వేడినీళ్లు పోసినట్టు కమిలి నల్లబడుతుంది. దాన్ని తట్టుకునే మొక్క ఏదో తెలియాలంటే తెగులును మొక్కల దగ్గరికి తీసుకురావలసిందే. తోటలో కూలి చేసే, అక్కడి హల్బీ భాష మాట్లాడే అక్క ఒకామె దీనికి తెగ నవ్వేది. "లోకమంతా మందు తెచ్చి కొడతది. మీ బాబాయి రోగం తెచ్చి కొడతడు. సర్కారు జీతం కూడా ఇస్తది!" అని హిందీ, హల్బీ కలిపి నాతో అనేది.

కొన్ని పొద్దులు మంచు బాగా కురిసింది. ఆకుల మీద నల్లని తడి మచ్చలు లేచాయి. తిప్పి చూస్తే అడుగున తెల్లని బూజు. కుళ్లు వాసన బాబాయి క్వార్టర్ దాకా వచ్చేది. ఒక ఉదయం ఆ అక్క కేక వేసి పిలిచింది. మడంతా పడిపోయి ఉంది. గట్టు పక్క మూలన ఒక్క మొక్క పచ్చగా నిలబడి ఉంది.

వానల తర్వాత నేను పరిగెత్తడం అదే మొదలు. బాబాయిని చెయ్యి పట్టుకుని లాక్కొచ్చాను. "ఇది గట్టిది బాబాయ్, అందుకే బతికింది" అన్నాను. అది నానమ్మ మాట.

ఆయన గొంతుక్కూర్చుని ఒక్కో ఆకునూ తిప్పి చూశాడు. "గట్టిదో కాదో ఇంకా తెల్వదు బిడ్డా. మూలకుంది కదా, నా పంపు ఇటు సరిగ్గ పడలేదేమో. పట్టా జారి ఆకు ఆరిపోయిందేమో."

"బతికింది కదా మరి?"

"బతికింది. అంతే. ఎందుకు బతికిందో దానికీ తెల్వదు, మనకీ తెల్వదు. దీని గడ్డలు దాచి వచ్చే ఏడు మళ్ల పెట్టి చూడాలె."

"చచ్చిపోయినవాటిది తప్పా?"

"తప్పేంది? తప్పూ లేదు, దీని గొప్పా లేదు."

"చూసినవా," అంది అక్క నాతో, "మీ బాబాయి బతికినదాన్ని గూడ నమ్మడు!"

బాబాయి మా తమ్ముడి పేరు ఎత్తలేదు. కావాలనే చెప్పాడో, తన పని గురించి మామూలుగా చెప్పాడో నాకు తెలియదు. ఆ సాయంత్రం అక్క ఇచ్చిన వేడి రాగి అంబలి తొందరపడి తాగాను. నాలుక కాలింది. కాలినట్టు తెలిసింది.

కోంటాలో ఇంటికి తిరిగి వచ్చాక, అమ్మ బియ్యం చెరుగుతుంటే ఆ మొక్క గురించి చెప్పాను. "అది ఎందుకు బతికిందో తెల్వదంట అమ్మా. దాని గొప్పేం లేదంట" అన్నాను. చేట ఆగింది. అమ్మ నా వైపు చూసింది. చెయ్యి పట్టి పక్కన కూర్చోబెట్టుకుంది. మర్నాడు నానమ్మ మళ్లీ గట్టిపిండం అనబోతే, "ఆ మాట ఇంక అనకు అత్తమ్మా" అంది. అమ్మ అత్తకు ఎదురుచెప్పగా నేను వినడం అదొక్కసారే.

తర్వాత చాలా ఏళ్లు పత్రికకు వార్తలు రాశాను. ఈ ప్రాంతంలో బస్సులు బోల్తా పడ్డాయి, పడవలు మునిగాయి, ఇంకా ఎన్నో జరిగాయి. ప్రతిచోటా ఒకరో ఇద్దరో మిగిలేవారు. ఎలా బతికారని వాళ్లను నేను ఎప్పుడూ అడగలేదు. నీళ్లు తాగారా అని అడిగేదాన్ని. డెస్కువాళ్లు శీర్షికలో మృత్యుంజయుడు అని పెడితే ఫోన్ చేసి తీయించేదాన్ని.

ఆ మొక్క గడ్డల్ని బాబాయి దాచి, మరుసటి చలికాలం నాటాడు. ఆ ఏడు మంచు పడలేదు. ఎండ కాసింది, గాలి పొడిగా వీచింది. చల్లిన తెగులు ఏ మొక్కకూ అంటుకోలేదు. మడి మొత్తం పచ్చగానే నిలిచింది. ఆ తర్వాత బాబాయికి బదిలీ అయింది, ఆ గడ్డలు ఎటు పోయాయో ఎవరూ చూడలేదు. ఆ మొక్కకు నిజంగా తట్టుకునే గుణం ఉందో, ఆ సాయంత్రం పంపు నీళ్లు దాని మీద పడనే లేదో, ఇప్పటికీ తెలియదు.