నాలుగో మూల

నాతోటి లెక్కల సారు పోయిండని పొద్దుగాల తెల్సింది. ఫోన్ తీస్తె మా చిట్యాల బడి పిల్లలందరి స్టేటస్‌లల్ల ఆయన ఫొటోనే. నాకు మొదలు ఏడుపు రాలె. నేను పోతె ఇంతమంది పెడుతరా అనిపిచ్చింది. సిగ్గులేని మాటే, కానీ ఉన్నది ఉన్నట్టు చెప్తున్న.

ఒక్క బడిల పదకొండేండ్లు ఇద్దరం లెక్కలు చెప్పినం. తొమ్మిదిల ఏ సెక్షన్ ఆయనది, బి నాది. బిందువులను, బొమ్మలను జరిపే పాఠం వస్తె నేను బోర్డు మీద గళ్లు గీసి, అడ్డం అంకెకు మూడు కలుపుండ్రి, నిలువు అంకెకు రెండు కలుపుండ్రి అని చెప్పేటోన్ని. నా పిల్లలు చతురస్రంల ఒక్క మూలనే జరిపి, తక్కిన మూడిటిని ఉన్నకాడనే ఇడిసిపెట్టేటోళ్లు. బొమ్మ కాస్త వంకర పోయేది. నేను చెవులు మెలిపెట్టేటోన్ని.

ఆయన తరీక వేరే. బడి పక్కన పత్తి చెలక. గింజలు పెట్టేముందు రైతు అడ్డం, నిలువు అచ్చు తోలి గీతలు కొడుతె నేలంత గళ్లే. సారు ప్యాంటు మలుసుకొని, ఒట్టికాళ్లతోని పిల్లలను అండ్లకు తోల్కపోయేటోడు. టిఫిన్ సంచిల తాడు ఎప్పుడూ ఉండేది. దాన్ని చతురస్రం లెక్క చేసి నలుగురికి నాలుగు మూలలు పట్టిచ్చి, కుడికి మూడు గళ్లు, ముందుకు రెండు అనేటోడు. ఒక్కడు తక్కువ నడిస్తె తాడు గుంజుకపోయి వాని తప్పు వానికే తెల్సేది.

"మారింది జాగనే బిడ్డా, బొమ్మ గాదు" అనేటోడు.

నా క్లాసోళ్లు కిటికీలకెళ్లి అటే చూసేటోళ్లు. మా బిడ్డ నా సెక్షన్లనే ఉండి, ఇంటికొచ్చి ఆ సారు ముచ్చట్లే చెప్పేది. నేను కండ్లల్ల నిప్పులు పోసుకున్న. అచ్చు ఖరాబైతుందని రైతు లొల్లి చేస్తుండని హెడ్‌మాస్టరుకు చెప్పిన. రైతు ఏమనలె. అది నేను అల్లిన అబద్ధం. ఆ మరునాటి నుంచి చెలకకు పోవుడు బందైంది.

సారు బడి ముంగట సున్నంతోని గళ్లు గీసుకున్నడు. ఒకనాడు పిల్లలు తక్కువొస్తె స్టాఫ్‌రూముకొచ్చి, "సారూ, నాలుగో మూలకు మనిషి లేడు, జర పట్టుండ్రి" అన్నడు. అబద్ధం ఎవలదో ఆయనకు ఎరుకే అని మొఖం చూస్తెనే సమజైంది. పేపర్లు దిద్దేది ఉందన్న. నా ముంగట పేపర్లే లెవ్వు. పోవాలని పానం కొట్టుకున్నది, కానీ కుళ్లు లేవనియ్యలె.

సాగనంపుటానికి ఘనపూర్ దిక్కున్న ఆయన ఊరికి పోయిన. పాడె మోసింది ఆయన పాత పిల్లలే. దింపుడు కల్లం కాడ దించి, కొడుకు ఆయన చెవుల మూడుసార్లు పిలిచిండు. మళ్ల ఎత్తేటప్పుడు ఎనుక మూల కాడి పిల్లగాడు ఏడ్సుకుంట కూలబడ్డడు. పక్క మూల పట్టినోడు నా దిక్కు చూసి, "సారూ, జర పట్టుండ్రి" అన్నడు.

ఈసారి పట్టిన. నాలుగడుగులు పోంగనే పాడె నా దిక్కు గుంజింది. ముందటోడు ఎనుకకు తిరుగకుంటనే, "అందరిది ఒక్కటే అడుగు సారూ" అని మెల్లగ అన్నడు. వాడు నా సెక్షన్ గాదు, ఆయన సెక్షనోడు. అప్పుడు గూడ నాకు కుళ్లే అయింది. వాని మడిమెలు చూసుకుంట, అడుగుల అడుగేసుకుంట నడిచిన.