అత్తకు చేరని అరిసెలు

అత్త కోసం అమ్మ చేసిన అరిసెలను ఏడేళ్లపాటు నేనే తిన్నానని ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు. ఇవాళ మలేషియాలోని మా క్లాంగ్ ఊళ్లో ఒక మిఠాయి కొట్టు ముందు బెల్లం పాకం వాసన తగలగానే ముక్కు మూసుకుని ముందుకు నడిచేశాను.

మా మేనత్త దిగుమతి పన్నుల కేసులు వినే జడ్జి. ఇంట్లోనూ విచారణే. నాకు తొమ్మిదేళ్లప్పుడు దీపావళికి డబ్బా పట్టుకెళ్తే, మూత తియ్యకుండానే అడిగింది.

"బెల్లం ఎక్కడిదే?"

"కొట్టు మామ ఊరికే ఇచ్చినాడు."

"ఆయన పన్ను కేసు నా దగ్గరే ఉందే. నాకొద్దు, పట్టుకెళిపో."

కేసు సంగతి నాకేం అర్థమవుతుంది? మా వంటే నచ్చలేదనుకున్నాను. అమ్మ బాధపడుతుందని అత్త వాళ్ల ఫ్లాట్ మెట్ల మీదే డబ్బా ఖాళీ చేసి, "అత్తకి బాగా నచ్చినాయమ్మా" అన్నాను. అంతే! అమ్మ ఏటా ఇంకా ఎక్కువ చేసేది. మళ్లీ ఆ తలుపు తట్టే ధైర్యం లేక, కాలేజీకి వెళ్లేదాకా ప్రతి దీపావళికీ ఆ మెట్ల మీదే కూర్చుని, అత్తను తిట్టుకుంటూ మింగేదాన్ని.

పోయిన నెల అత్త రిటైరైంది. నిన్న ఫోన్ చేసింది.

"ఆ ఒక్క ఏడాదే కదే వద్దన్నాను, కేసుందని. మళ్లీ ఒక్క అరిసైనా పంపలేదు మీ అమ్మ. నా మీద ఇంకా కోపమేటే?"