మిలిటరీ మడత

కోరుట్ల నుంచి సిరిసిల్ల పోయే బస్సులో ఆయన నా పక్కన కూర్చున్నాడు. తెల్లమీసాలు, ఒళ్లో మిలిటరీ సంచి. ముందు సీటు పిల్ల ఫోన్‌లో సినిమా పెట్టింది. అందులో ఒక ఆఫీసరు కళ్లు మూసుకుని, మనసుతోనే కొండ అవతలి సైనికులను చూస్తున్నాడు. మా ఆయన పోయాక నాకు మిగిలిన ఒక్క కొడుకూ సరిహద్దులోనే సిపాయిగా ఉన్నాడు. కొన్నాళ్లుగా వాడి ఫోన్ కలవడం లేదు.

"గిట్ల చూసేటోళ్లు నిజంగ ఉంటరా అన్నా?" అని ఆయన్ని అడిగాను.

"మిలిటరీల పరీక్ష కోసమని మమ్ముల గూడ గట్లనే కూసోవెట్టిండ్రక్కా."

సోది అడగడానికి తెచ్చుకున్న వాడి అంగీని ఆయన చేతిలో పెట్టాను. "నా కొడుకు బతికి ఉన్నడా, జెర చూడన్నా."

ఆయన కళ్లు మూసుకున్నాడు. కథలాపూర్ దాటినా తెరవలేదు.

"అబద్ధం చెప్పలేనక్కా. గా పరీక్షల నా దోస్తు బతికే కనవడ్డడని చెప్పిన. గప్పటికే వాడు లేడు. సినిమాల గది చూపెట్టరు."

అంగీని ఒళ్లో పరిచి, చేతులు లోపలికి మలిచి, ఇటుకలా గట్టిగా మడిచి ఇచ్చాడు. వేములవాడలో దిగిపోయాడు. ఆ మడత విప్పకుండానే నేను ఇంట్లో పెట్టెలో దాచాను.

కొన్నాళ్లకు కొడుకు సెలవు మీద వచ్చి ఆ పెట్టె తెరిచాడు. "అవ్వా, గిది మా మిలిటరీ మడత. ఎవలు పెట్టిండ్రే?" అన్నాడు.