కట్టు మేస్త్రి కలిపిన ఆట

ఎముకల వార్డులో ఆయన్ని పేరు పెట్టి పిలిచినవాళ్ళను నేను చూడలేదు. పెద్ద డాక్టరు దగ్గర్నుంచి నేల తుడిచే ఆమె దాకా అందరికీ ఆయన కట్టు మేస్త్రే. విరిగిన చేతులకూ కాళ్ళకూ పిండికట్టు వేయడం, తొడ ఎముక విరిగినవాళ్ళకు మంచం చివర కప్పీ బిగించి, తాడు వేసి, బరువు వేలాడదీయడం ఆయన పని. మొదట్లో ఆయన నిజంగానే మేస్త్రి. ఆసుపత్రి పైకప్పుకు ప్లాస్టరు పూయడానికి వచ్చాడట. పెద్ద డాక్టరు కింద నిలబడి ఆ చేతి పనితనం కాసేపు చూసి, "దిగి రావయ్యా, నీతో పనుంది" అన్నాడట. ఆ తరువాత శిక్షణకు వెళ్ళాడు, పరీక్ష రాశాడు, చూస్తూండగా ఇరవై ఆరేళ్ళు గడిచాయి. "పైకప్పు దగ్గర మొదలుపెట్టి కాళ్ళ దాకా దిగానమ్మా, ఇంక దిగడానికి చోటు లేదు" అని తనమీద తనే నవ్వుకునేవాడు.

మా పెద్దన్నయ్య తుంటి విరిగి ఆ వార్డులో రెండు నెలలు ఉన్నాడు. నేను పక్కన స్టూలు మీద కూర్చుని ఉండేదాన్ని కాబట్టి ఆ మనిషి పని చేస్తుండగా తీరిగ్గా చూసే భాగ్యం దొరికింది. ఎముక సర్ది లాగే క్షణంలో రోగిని, "బస్సు దిగాక మీ ఇంటికి ఎడమవైపు తిరగాలా, కుడివైపా?" అని అడిగేవాడు. రోగి దారి చెప్పేలోపల పని అయిపోయేది. కట్టు ఆరేదాకా ఆ కాలిని తన రెండు అరచేతుల్లోనే ఉంచుకునేవాడు. వేళ్ళతో పట్టినా, మంచం మీద దించినా తడికట్టుకు సొట్టలు పడి తరువాత ఒరుసుకుంటుందని. దేవుడు ఇలాంటివాళ్ళను ఆసుపత్రుల్లో తగినంతమందిని పెట్టాడు. మనకు కనబడాలంటే అక్కడ కాస్త ఎక్కువ రోజులు ఉండాలి, అంతే.

ఆ వార్డులో అరచేతి వెడల్పు ఆట యంత్రం ఒకటి ఉండేది. మునుపెప్పుడో కాలు విరిగి వచ్చిన పోస్టుమాన్ ఇంటికి పోతూ వదిలి వెళ్ళింది. అందులో ఒకటే ఆట. గడ్డిలో నడుస్తుంటే వింత జంతువులు ఎదురవుతాయి. వాటిని పట్టుకోవాలి, పెంచాలి, ఎదుటివాళ్ళ జంతువులతో పోటీకి దించాలి, ఊరూరూ తిరిగి చివరి కోట దాకా చేరాలి. బాగానే ఉంటుంది కానీ, ఏ గడ్డిలో ఏ జంతువు ఉందో కొత్త రోగికి పాత రోగి ముందే చెప్పేసేవాడు. ఇంక ఆడటానికి ఏం మిగులుతుంది?

దీనికి మందు కనిపెట్టింది మేస్త్రి భార్య. ఆమె ఇంట్లో బట్టలు కుడుతుంది. ఆమెకూ అలాంటి యంత్రమే, అదే ఆట, ఎప్పట్నుంచో ఉన్నాయి. ఆ ఆటను పేకముక్కలు కలిపినట్టు కలిపేసే ప్రోగ్రాం ఒకటి ఉందని ఎక్కడో తెలుసుకుని భర్తకు చెప్పింది. దాంతో కలిపితే ఊళ్ళూ దారులూ అలాగే ఉంటాయి, జంతువులు మాత్రం చోట్లు మారిపోతాయి. పొలం గట్టున పిచ్చుక ఉండాల్సిన చోట ఎలుగుబంటి ఉంటుంది. కోట కాపలావాడి దగ్గర పులి బదులు కప్ప ఉంటుంది. కలిపినప్పుడల్లా ఒక నంబరు వస్తుంది. అదే నంబరు మళ్ళీ ఇస్తే అచ్చం అదే అమరిక తిరిగి వస్తుంది.

మేస్త్రి మధ్యాహ్నం అన్నం తిన్నాక, కట్టుగదిలోని పాత కంప్యూటరు ముందు కూర్చుని కొత్తగా వచ్చిన రోగికి కొత్తగా కలిపేవాడు. యంత్రం చెడిపోయినా ఆట పోకుండా ఆ నంబరును రోగి కట్టు మీదే పెన్సిలుతో రాసేవాడు. ఒకసారి నాకు ఆ పని చూపిస్తూ, "ఈ గడిలో మాత్రం టిక్కు పెట్టి తీరాలమ్మా" అన్నాడు. దారి మూసుకుపోకుండా చూడమని చెప్పే గడి అది. "ఇది పెట్టకపోతే యంత్రానికి కనికరం ఉండదు. తాళంచెవి లోపల పెట్టి తలుపు వేసినా వేసేస్తుంది."

అన్నయ్య పక్క మంచానికి ఒక లారీ డ్రైవరు వచ్చాడు. ఎడమ తొడ ఎముక విరిగింది. ఒంట్లో చక్కెర ఎక్కువగా ఉండి, కాలి మీద పుండు కూడా ఉండటంతో ఆపరేషన్ వద్దనుకున్నారు. ఆరు వారాలు కాలికి బరువు కట్టి వేలాడదీసి ఉంచాలన్నారు. వార్డు చూసే డాక్టరమ్మ మొహమాటం లేని మనిషి. "మధ్యలో బరువు తీస్తే ఎముక ముక్కలు ఒకదాని మీదొకటి ఎక్కి అతుక్కుంటాయి. కాలు పొట్టిదైపోతుంది. ఇంక క్లచ్ అందదు" అని చెప్పి వెళ్ళిపోయింది.

అతను రెండు రోజులు ఓర్చుకున్నాడు. మూడో రోజు మొదలుపెట్టాడు. "పదహారేళ్ళుగా ఒకచోట ఆరు గంటలు కూర్చున్న మనిషిని కాను. ఆరు వారాలట. విప్పెయ్యండి, ఇంటికెళ్ళి పడుకుంటా."

మేస్త్రి ఆట యంత్రం తెచ్చి అతని చేతిలో పెట్టాడు.

"ఇదా?" అన్నాడు డ్రైవరు. "సరుకు ఎక్కించేదాకా ఎదురుచూస్తూ ఎన్నిసార్లు ఆడానో దీన్ని. కళ్ళు మూసుకుని పోతాను మేస్త్రీ. నా రూటు లాంటిదే."

"ఈసారికి కళ్ళు తెరుచుకునే పో తమ్ముడూ."

డ్రైవరు అయిష్టంగా మొదలుపెట్టాడు. అయిదు నిమిషాల్లో అతని మంచం కిర్రుమంది. నవ్వుతున్నాడు. "ఎలుక రావాల్సిన చోట ఇదేంటి, ఇల్లంత ఉంది. నన్ను తొక్కి చంపేసింది మేస్త్రీ."

అతనికి పిండికట్టు లేదు కనుక మేస్త్రి నంబరును ఒక అంటుపట్టీ మీద రాసి, వేలాడే బరువుకు అతికించాడు.

ఆ తరువాత డ్రైవరు ఇంటి మాట ఎత్తలేదు. మా అన్నయ్య గోదాము గుమాస్తాగా చేసి రిటైరైన మనిషి, రాయనిదే తోచదు. ఏ గడ్డిలో ఏం తగిలిందో డ్రైవరు చెబుతుంటే కాగితం మీద రాసేవాడు. "నిప్పులు కక్కే దున్న, వంతెన పక్కన. రాశావా అన్నా?" "రాశాను, కాస్త ఆగి పట్టుకో, నా పెన్ను నీ దున్నంత వేగంగా పోదు." ఇద్దరూ నెలల స్నేహం ఉన్నవాళ్ళలా మాట్లాడుకునేవారు.

పదిహేడు రోజులు ఆడాడు. చివరి మూడు రోజులూ ఒకే ఒడ్డున ఉండిపోయాడు. ఎదురుగా నీళ్ళు. దాటాలంటే వీపు మీద మోసుకుపోయే ఈత జంతువు కావాలి. తిరిగిన గడ్డే మళ్ళీ తిరిగాడు. అన్నయ్య జాబితా అంతా రెండుసార్లు సరిచూశాడు. ఎక్కడా లేదు.

"మేస్త్రీ, ఈదేది ఎక్కడుంది?" అని చివరికి అడిగేశాడు.

మేస్త్రి కట్టుగదికి వెళ్ళి, బరువుకు అతికించిన నంబరు మీద కంప్యూటరు రాసిపెట్టిన చిట్టా తెరిచి చూశాడు. పావుగంట రాలేదు. వచ్చాక మంచం పక్కన నిలబడి చెప్పాడు.

"తప్పు నాది తమ్ముడూ. ఈదేవన్నీ నీళ్ళకు అవతలే పడ్డాయి. ఇవతల ఒక్కటీ లేదు. కలుపుతుండగా మెట్ల మీంచి పడ్డ ముసలామెను తెచ్చారు. కట్టు వేసి వచ్చి, గడిలో టిక్కు పెట్టాననుకుని కలిపేశాను."

బరువు మీది అంటుపట్టీ పీకబోయాడు.

"మళ్ళీ కలిపి ఇస్తాను. ఈసారి..."

"మళ్ళీ మొదట్నుంచా? పదిహేడు రోజులు పెంచాను వాటిని." అప్పటిదాకా మేస్త్రిని నువ్వు అంటూ వచ్చినవాడు ఆగి, "మీరు నా కాలికేం పెట్టడం మర్చిపోయారో అది కూడా చూసి చెప్పండి" అన్నాడు.

మేస్త్రి కోపం తెచ్చుకోలేదు. జేబులోంచి టేపు తీసి, దాని ఒక కొసను డ్రైవరు చేతికిచ్చి, తుంటి ఎముక మీద నొక్కి పట్టుకోమన్నాడు. రెండో కొస చీలమండ దాకా లాగాడు. ముందు మంచి కాలు, తరువాత విరిగిన కాలు. "నేను చెప్పను. అన్నగారు చదువుతారు" అన్నాడు. అన్నయ్య కళ్ళజోడు సర్దుకుని, మేస్త్రి వేలితో పట్టి చూపిన అంకె రెండుసార్లూ చదివాడు. రెండూ ఎనభై ఆరు సెంటీమీటర్లే.

డ్రైవరు టేపు కొస వదిలేశాడు. "కాలు బాగానే ఉంది. కాదనను. ఇంకో ఇరవై రెండు రోజులు ఆ గోడని చూస్తూ ఉండటం మాత్రం నావల్ల కాదు."

నర్సును పిలిచి, తన ఇష్టం మీద వెళ్తున్నట్టు సంతకం పెట్టే కాగితం సిద్ధం చేయమన్నాడు. భార్యకు ఫోను చేసి, రేపు మధ్యాహ్నం బట్టలు తెమ్మన్నాడు. డాక్టరమ్మ వచ్చి క్లచ్ మాట మళ్ళీ చెప్పింది. అతను తల ఊపాడు గాని మనసు మార్చుకోలేదు. ఆ సాయంత్రం నేను ప్రార్థనలో అన్నయ్య పేరు తరువాత ఆ డ్రైవరును కూడా చేర్చుకున్నాను.

మర్నాడు పొద్దున చూడటానికి వచ్చేవాళ్ళను లోపలికి వదలగానే, భుజానికి సంచి వేసుకుని ఒక సన్నపాటి ఆమె వచ్చింది. వేలికి ఇంకా కుట్టుపని తొడుగు ఉంది.

"నీళ్ళు దాటలేని డ్రైవరు ఎవరయ్యా?"

"నేనే. మీరెవరు?"

"మీ మేస్త్రి భార్యని."

"ఓహో, వదినా. మీ ఆయన నా దారి మూసేశాడు."

"నిన్న ఇంటికొచ్చి చెప్పాడు. అన్నం కూడా సగమే తిన్నాడు. మిగతా సగం నేనే తిన్నాలే." స్టూలు దగ్గరికి లాక్కుని కూర్చుని, సంచిలోంచి తన యంత్రం, రెండు యంత్రాలను కలిపే ఒక పొట్టి తీగ తీసింది. "ఇది మా తాబేలు. పేరు సోమరి. పదకొండేళ్ళు పెంచాను. ఈదడంలో దీనికి తిరుగు లేదు."

డ్రైవరు ఆ బొమ్మను చూశాడు. తీగను చూశాడు. "వద్దు వదినా. పదకొండేళ్ళదాన్ని నాకిచ్చేస్తే నీకేముంటుంది?"

"ఊరికే ఎవరిస్తారు? ఈ తీగలో ఒకటి పోతే ఒకటి రావాలి. నువ్వూ ఒకటివ్వు."

అతను తన దున్నను చూపించాడు. ఉన్నవాటిలో అదే మేలైనది.

"అది నీకు అవతల పనికొస్తుంది. ఆ చివర ఉన్నదేంటి?"

"అదా? గెంతుతుంది, పడుతుంది. ఇంకేం చేతకాదు. వదిలెయ్యడానికి మనసొప్పక ఉంచా."

"అదివ్వు. మా ఇంట్లో మీ మేస్త్రికి తోడుంటుంది."

వార్డులో నలుగురు నవ్వారు. డ్రైవరు మొహమాటపడుతూనే తీగ కొస తన యంత్రానికి పెట్టాడు. తాబేలు ఇటు వచ్చింది, గెంతేది అటు పోయింది. తీగ విప్పాక ఆమె తన యంత్రంలో సోమరి ఉండే చోటు ఒకసారి చూసుకుంది. అక్కడ ఆ కొత్తది గెంతి పడింది. మూసి సంచిలో పెట్టుకుని, నన్ను మంచినీళ్ళు అడిగి తాగింది.

"వదినా, ఇది నా మాట వినట్లేదు. పోటీలో కొట్టమంటే పడుకుంటోంది."

కొత్త చేతికి వచ్చిన పెద్ద జంతువు చెప్పినట్టు వినదు, ఆ ఆట పద్ధతే అంత. ఆమె లేచి సంచి సర్దుకుంటూ, "నా దగ్గర మాత్రం ఎప్పుడు కొట్టింది? కొట్టడానికి దున్న ఉందిగా. దీని వీపెక్కు, తీసుకెళ్తుంది" అంది. పెళ్ళివాళ్ళ జాకెట్లు ఉన్నాయని వెళ్ళిపోయింది. కట్టుగది దగ్గర భర్తను చూసి కూడా ఆగలేదు.

మధ్యాహ్నానికి డ్రైవరు భార్య వచ్చింది. ఇస్త్రీ చేసిన చొక్కా, పంచె, చెప్పులు తెచ్చింది. "బండి మాట్లాడుకొచ్చాను. గేటు దగ్గరుంది" అంది. నర్సు కాగితం తెచ్చి బల్ల మీద పెట్టింది. బరువు విప్పడానికి కబురందుకున్న మేస్త్రి రెంచి పట్టుకుని వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు.

డ్రైవరు తల ఎత్తలేదు. "ఒక్క నిమిషం. ఒడ్డు వస్తోంది."

ఆమె మంచం అంచున కూర్చుని అతని భుజం మీదుగా చూసింది. తాబేలు నీళ్ళలో మెల్లగా పోతోంది. ఎదురుగా పచ్చటి గడ్డి, దాని వెనక ఒక ఊరు కనిపించాయి.

"అక్కడేముంది?"

"తెలీదు."

"ఎన్నోసార్లు ఆడానన్నావుగా."

"ఆ ఊరు తెలుసు. ఆ గడ్డిలో ఏముందో తెలీదు." అతను తాబేలును ఒడ్డుకు చేర్చి, యంత్రాన్ని గుండెల మీద పెట్టుకుని, భార్య వైపు తిరిగాడు. "బండి పంపించెయ్యి. చెప్పులు కూడా పట్టుకుపో, ఇక్కడ పోతాయి."

ఆమె ముందు భర్తను, ఆ తరువాత కాగితాన్ని చూసింది. కాగితం మడిచి నర్సు చేతికిచ్చి, గేటు దగ్గరికి గబగబా నడిచింది. గుమ్మంలో మేస్త్రి పక్కకు తప్పుకుని ఆమెకు దారి ఇచ్చాడు. రెంచి కోటు జేబులో వేసుకున్నాడు. కట్టుగదిలో ఎవరిదో చెయ్యి ఎదురుచూస్తోందని నర్సు పిలవడంతో అటు వెళ్ళిపోయాడు.